దాటడం మన హక్కు... దిగడం వాళ్ల ఇష్టం

మిరపా పత్తీ పండే గుంటూరు, ప్రకాశం పల్లెల నుంచి విదేశాలకు బయల్దేరినవారు ఈ నూట ఇరవై ఏళ్లలో దాటిన గేట్లెన్నో!

అది 1967 ఏప్రిల్ 10. సుప్రీంకోర్టు ప్రధాన న్యాయమూర్తి కోకా సుబ్బారావు మర్నాడే పదవి వదిలి రాష్ట్రపతి ఎన్నికల బరిలో దిగబోతున్నారు. ఆ రోజు వెలువడిన తీర్పు, ఆయనే అంతకుముందు చెప్పిన గోలక్‌నాథ్ కేసు తీర్పంత పేరు తెచ్చుకోలేదు. కానీ ఇవాళ గుంటూరు బ్రాడీపేటలోనో, మార్టూరులోనో, పర్చూరులోనో బీరువా అరలో నీలిరంగు పాస్‌పోర్టు దాచుకున్న ప్రతి ఇంటికీ దానితో సంబంధం ఉంది. విదేశానికి వెళ్లడం పౌరుడి వ్యక్తి స్వేచ్ఛలో భాగమనీ, చట్టమంటూ లేకుండా పాస్‌పోర్టు కాదనే అధికారం ప్రభుత్వానికి లేదనీ ఆ తీర్పు చెప్పింది.

సుబ్బారావు పుట్టింది రాజమండ్రిలో. ఉద్యోగం తొలిరోజుల్లో కొన్నాళ్లు బాపట్లలో జిల్లా మున్సిఫ్‌గా చేశారు. ఆంధ్ర రాష్ట్రం ఏర్పడ్డాక రాజధాని కర్నూలుకు పోతే హైకోర్టు గుంటూరుకు దక్కింది. 1954 జులై 5న అక్కడ మొదలైన ఆ కోర్టుకు తొలి ప్రధాన న్యాయమూర్తి ఆయనే. 1956 నవంబరులో కోర్టు హైదరాబాదుకు తరలిపోయింది. అలా గుంటూరుకు కోర్టు మిగల్లేదు గానీ, ఆ కోర్టులో కూర్చున్న మనిషి ఇచ్చిన హక్కు మాత్రం మిగిలింది.

టిక్కెట్టు కొంటే చాలిన రోజులు

అంతకుముందు పాస్‌పోర్టు లేనివాళ్లు సముద్రం దాటలేదా అంటే, దాటారు. ఒంగోలు దగ్గర వినోదరాయునిపాలెంలో పుట్టిన టంగుటూరి ప్రకాశం 1904లో బారిస్టరు చదువుకు లండన్ వెళ్లారు. 1907లో తిరిగొచ్చి మద్రాసులో ప్రాక్టీసు పెట్టారు. తర్వాత కొన్నేళ్లకు దుగ్గిరాల గోపాలకృష్ణయ్య, గుంటూరుకు చెందిన నడింపల్లి నరసింహారావు ఎడింబరో వెళ్లి చదువుకున్నారు. దుగ్గిరాలే ఆ తర్వాత చీరాల-పేరాల ఉద్యమాన్ని నడిపారు. ఆ రోజుల్లో ఇంగ్లండ్ ప్రయాణానికి వీసా అన్న మాటే లేదు. పాస్‌పోర్టు కూడా తప్పనిసరి కాదు. ఓడ ఖర్చు సమకూర్చుకోవాలి, సముద్రయానం చేస్తే కులం పోతుందన్న పెద్దలను ఒప్పించుకోవాలి. గట్టి గేటు ఇంట్లోనే ఉండేది.

అటునుంచి ఇటు వచ్చినవారి సంగతీ అంతే. అమెరికా లూథరన్ మిషనరీ ఫాదర్ హయ్యర్ 1842 జులై 31న గుంటూరులో అడుగుపెట్టారు. అప్పటి కలెక్టరు స్టోక్స్ ఆయన్ను ఆదరించారు. 1866లో ఒంగోలు చేరిన బాప్టిస్టు మిషనరీ క్లౌ, 1883లో గుంటూరు వచ్చి ఆసుపత్రికి పునాది వేసిన డాక్టర్ అన్నా కుగ్లర్ కూడా అమెరికా నుంచి వచ్చినవారే. అమెరికా నుంచి గుంటూరు రావడానికి అప్పట్లో ఏ కౌంటరు ముందూ నిలబడనక్కర్లేదు. గుంటూరు నుంచి అమెరికా వెళ్లాలంటే ఏం కావాలన్నది మాత్రం మరో నూరేళ్లకు తేలింది.

దయ ఉంటే ఇచ్చిన పుస్తకం

ఈ పద్ధతిని మార్చింది మొదటి ప్రపంచ యుద్ధం. గూఢచారుల భయంతో దేశాలన్నీ సరిహద్దుల దగ్గర కాగితాలు అడగడం మొదలుపెట్టాయి. యుద్ధం ముగిసినా ఆ అలవాటు ముగియలేదు. మన దేశంలో 1920లో ఒక చట్టం వచ్చింది. అది దేశంలోకి వచ్చేవారి పాస్‌పోర్టుల గురించి. దేశం నుంచి వెళ్లేవారి గురించి, పాస్‌పోర్టు ఎవరికివ్వాలి, ఎవరికి కాదనాలి అన్నదాని గురించి స్వాతంత్ర్యం వచ్చాక కూడా చట్టమేదీ లేదు. అంతా అధికారుల విచక్షణే. పైగా పాస్‌పోర్టు లేకుండా ఓడ కంపెనీలూ విమానయాన సంస్థలూ ఎక్కించుకోవు. అంటే పుస్తకం ఇవ్వకపోతే మనిషిని ఇంట్లో కట్టేసినట్టే.

సత్వంత్ సింగ్ సాహ్నీ అనే వ్యాపారిని పాస్‌పోర్టులు వెనక్కివ్వమని ప్రభుత్వం అడగడంతో వివాదం సుప్రీంకోర్టుకెక్కింది. పాస్‌పోర్టు రాజ్యం తన పేరిట ఇచ్చే పత్రమే తప్ప పౌరుడు హక్కుగా అడగదగ్గది కాదన్నది జస్టిస్ హిదయతుల్లా వాదం. అయిదుగురిలో ఇద్దరు అటు నిలిచారు. సుబ్బారావుతో కలిపి ముగ్గురు ఇటు నిలిచారు. మూడుకు రెండు, అంతే తేడా. దాంతో కేంద్రం ముందు ఆర్డినెన్సు తెచ్చి, జూన్ 24న పాస్‌పోర్టుల చట్టం చేసింది. పాస్‌పోర్టు నిరాకరిస్తే కారణం రాసివ్వాలి, దానిపై అప్పీలుకు వెళ్లే దారి ఉండాలి అన్నవి ఆ చట్టంతోనే వచ్చాయి. 1978 జనవరి 25న మేనకా గాంధీ కేసులో సుప్రీంకోర్టు ఆ హక్కును ఇంకా విస్తరించింది.

ఎనిమిది డాలర్ల కాలం

పాస్‌పోర్టు చేతికొచ్చినంత మాత్రాన విమానం ఎక్కగలిగారా? ఎక్కలేదు. విదేశీ మారకానికి కటకటగా ఉన్న రోజులవి. రిజర్వు బ్యాంకు ఆమోదించిన ‘పీ ఫారం’ లేనిదే విమానం టిక్కెట్టు ఇచ్చేవారు కాదు. ఆ తరంలో అమెరికా వెళ్లిన డాక్టర్లను కదిలిస్తే అందరి నోటా వచ్చే అంకె ఒకటే, ఎనిమిది డాలర్లు. జేబులో అంతకు మించి ఉండకూడదు. ఊళ్లు చూడటానికి విదేశాలకు వెళ్తామంటే విడ్డూరంగా చూసే రోజులు. అవతల చుట్టాలు ఖర్చు భరిస్తామని రాస్తేనే పని జరిగేది. 2000 జూన్ 1న విదేశీ మారక నిర్వహణ చట్టం (ఫెమా) అమల్లోకి రావడంతో పట్టు సడలింది. 2004లో రిజర్వు బ్యాంకు ఏడాదికి పాతికవేల డాలర్ల దాకా బయటికి పంపుకోవచ్చంది. ఇప్పుడది రెండున్నర లక్షలు.

మనవైపు గేట్లు ఒక్కొక్కటే తెరుచుకుంటుంటే అటువైపు గేట్లు మూసుకుంటూ వచ్చాయి. ప్రకాశం పంతులు వీసా లేకుండా దిగిన ఇంగ్లండే 1962లో వలసలపై చట్టం చేసింది. 1986లో భారతీయ సందర్శకులకు కూడా వీసా తప్పనిసరి చేసింది. అంటే పంతులుగారు లండన్లో దిగిన ఎనభై రెండేళ్ల దాకా, చుట్టపుచూపుగా బ్రిటన్ వెళ్లే ఒంగోలు మనిషికి వీసా అక్కర్లేదన్నమాట.

అమెరికా కథ వేరు. 1946 తర్వాత అక్కడ భారతీయులకు స్థిరనివాస కోటా ఏడాదికి వంద మందే. 1965 నాటి చట్టం ఆ కట్టు తెంచింది. 1946లో మొదలైన గుంటూరు మెడికల్ కాలేజీ నుంచి అప్పటికి డాక్టర్లు తయారై ఉన్నారు. వాళ్లు ముందు వెళ్లారు. బాపట్ల ఇంజినీరింగ్ కాలేజీ 1981లో, గుంటూరు ఆర్వీఆర్ అండ్ జేసీ 1985లో వచ్చాయి. తొంభైల్లో సాఫ్ట్‌వేర్ ఊపందుకునేసరికి ఇంజినీర్లు వెళ్లారు. కొడుకో కూతురో అక్కడ స్థిరపడ్డాక, పురుడు పోయడానికో మనవడి అన్నప్రాశనకో అమ్మానాన్నలు వెళ్లాల్సొచ్చింది. మన పల్లెల్లో టూరిస్టు వీసా అంటే నయాగరా చూడటం కన్నా ముందు మనవణ్ని ఎత్తుకోవడం.

మద్రాసు రైలు, హైదరాబాద్ బస్సు

2009 దాకా తెలుగువాళ్ల అమెరికా వీసాకు మద్రాసే దిక్కు. రాత్రి తెనాలిలోనో చీరాలలోనో సర్కార్ ఎక్స్‌ప్రెస్ ఎక్కి, తెల్లారి దిగి, జెమినీ సర్కిల్లోని కాన్సులేటు ముందు వరసలో నిలబడేవారు. తమిళం రాదు, ఇంగ్లిషు రాదు, సంచీలో ఇంటినుంచి తెచ్చుకున్న పులిహోర. 2008 అక్టోబరులో హైదరాబాద్ బేగంపేటలోని పైగా ప్యాలెస్‌లో కాన్సులేటు తెరిచారు. మరుసటి ఏడాది నుంచి అక్కడ వీసాలివ్వడం మొదలైంది. 2023 మార్చిలో అది నానక్‌రామ్‌గూడలోని సొంత భవనానికి మారింది. తెలుగులోనే ఇంటర్వ్యూ ఇవ్వొచ్చు. చిలుకూరు బాలాజీ గుడి కూడా హైదరాబాద్ శివార్లలోనే ఉండటంతో ముందు పదకొండు ప్రదక్షిణలు చేసి, వీసా వచ్చాక నూటెనిమిదికి మొక్కుకునేవారికి మరీ వీలైంది. పాస్‌పోర్టుకైతే విజయవాడకే ప్రాంతీయ కార్యాలయం వచ్చింది.

అయినా కాగితం దగ్గర చిక్కులు చిక్కులే. మన ఇంటిపేరు ముందుంటుంది, వాళ్ల పద్ధతిలో వెనక ఉంటుంది. ఇంటిపేరు ఒక్క అక్షరంగా కుదించి రాసుకునే మన అలవాటు అక్కడ కుదరదు. బడిలో చేర్చిననాడు మాస్టారు తోచిన తేదీ వేసేసిన పుట్టినరోజు ఒకటైతే, ఆధార్‌లో ఉన్నది మరొకటి. డెబ్బై ఏళ్ల పెద్దావిడ పేరు పట్టాదారు పుస్తకంలో ఒకలా, రేషన్ కార్డులో ఒకలా ఉంటుంది. వీసా మాట తర్వాత, ముందు ఆ ఇద్దరూ ఒక్కరేనని తేల్చాలి.

ఫైలులో పొలం

ఇక ఇంటర్వ్యూకు పట్టుకెళ్లే ఫైలు చూడండి. పట్టాదారు పాస్‌పుస్తకం, అడంగల్, వన్-బీ వంటి భూమి రికార్డులు, ఇంజినీరు వేసిన ఇంటి విలువ, చార్టర్డ్ అకౌంటెంట్ తేల్చిన ఆస్తుల లెక్క. వాటి వెనక మిర్చి యార్డులో కమీషన్ వ్యాపారి ఇచ్చిన పట్టీలు, కోల్డ్ స్టోరేజీలో పెట్టిన మిరప టిక్కీల (బస్తాల) రసీదులు. ఒక్కటే లోటు, ఆదాయపు పన్ను రిటర్నులు. వ్యవసాయ ఆదాయానికి పన్ను లేదు కాబట్టి చాలామంది రైతులు రిటర్నులే వేయరు. ఊళ్లో మోతుబరి అనిపించుకున్న మనిషి కాగితం మీద ఆదాయం లేనివాడిగా కనిపిస్తాడు.

ఇంత మోసుకెళ్లినా అధికారి ఆ ఫైలు తెరవకపోవడమే ఎక్కువ. దానికి కారణం 1952 నాటి అమెరికా వలస చట్టంలోని 214(బీ) సెక్షను. సందర్శక వీసా అడిగే ప్రతివారినీ అక్కడే ఉండిపోయేవారిగా భావించమని అది అధికారికి చెబుతుంది. కాదని నమ్మించే బాధ్యత అడిగేవారిదే. కొడుకు రాసిన ఆహ్వానపత్రం, అతని జీతం దానికి జవాబు కావు. అధికారికి కావలసింది ‘మీకెంత ఉంది’ అన్న లెక్క కాదు, ‘తిరిగెందుకు వస్తారు’ అన్నదానికి జవాబు.

ఆ ప్రశ్నకు మన రైతు దగ్గర ఏ బ్యాంకు స్టేట్‌మెంటూ సరితూగని జవాబుంది, పంట. జనవరి నుంచి ఏప్రిల్ దాకా మిరప కోతలు, కల్లాల్లో ఆరబోతలు, అమ్మకాలు. మే నెల మధ్యలో యార్డుకు వేసవి సెలవులిస్తారు. జులై, ఆగస్టుల్లో మళ్లీ నారు పోయాలి. పత్తి వేసేవారికైతే తొలకరికే పని. ఆ నడుమ సందులో వెళ్లి, ఆ సందులోనే తిరిగి రావాలి. రెండు నెలలుంటాం, నారు వేళకు వచ్చేస్తాం అన్న మాటలో అబద్ధం లేదు, అలంకారమూ లేదు. కాకపోతే ఇక్కడో మెలిక ఉంది. ఈ జిల్లాల్లో పిల్లలు బయటికెళ్లిన ఇళ్లలో పొలాలు చాలామటుకు కౌలుకు పోయాయి. పదెకరాల ఆసామిని నారు వేళకు రమ్మనేవారెవరూ లేరు. సాగు కౌలుదారుది, అతనికి పాస్‌పోర్టే లేదు. భూమి ఉన్నవాడికి తిరిగి రావలసిన పని లేదు, పని ఉన్నవాడికి చూపించడానికి భూమి లేదు.

అందుకే కొందరు దళారుల మాట విని లేని ఎకరాలు, లేని డిపాజిట్లు చూపిస్తారు. అబద్ధం బయటపడితే ఆ చట్టం ప్రకారం అమెరికాలో అడుగుపెట్టే అర్హత జీవితాంతం పోవచ్చు. మనవడి పెళ్లికి కూడా వెళ్లలేరు. ఉన్న రెండెకరాలు ఉన్నట్టు చెప్పడమే మేలు.

1948 నాటి విశ్వ మానవ హక్కుల ప్రకటన పదమూడో అధికరణంలో దేశం విడిచి వెళ్లే హక్కు, తన దేశానికి తిరిగొచ్చే హక్కు ఉన్నాయి. మరో దేశంలో దిగే హక్కు అందులో లేదు. సుబ్బారావు తీర్పు వల్ల వచ్చిన చట్టం మన ప్రభుత్వాన్ని కారణం చెప్పమంది గానీ, ఆ మాట నానక్‌రామ్‌గూడ కౌంటరులో చెల్లదు. అక్కడ కాదంటే చేతికొచ్చేది సెక్షను నంబరు అచ్చేసిన చీటీ. దానిపై అప్పీలు లేదు. 2023 జూన్‌లో 185 డాలర్లకు పెంచిన దరఖాస్తు ఫీజు తిరిగి రాదు. ఎన్నిసార్లయినా మళ్లీ పెట్టుకోవచ్చు, ప్రతిసారీ ఫీజు కట్టాలి. వస్తే సాధారణంగా పదేళ్లకు వస్తుంది. యార్డు సెలవుల్లో ప్రయాణం కావాలనుకునేవారు అపాయింట్‌మెంటు కోసం కోతల నాటికి కాదు, నారు పోసిననాడే మొదలుపెట్టాలి.