మూడున్నర వేల మంది తేల్చేస్తే సరిపోతుందా?

మనకి హైకమాండ్ సంస్కృతి కొత్తేం కాదు. 1978 ఎన్నికలకీ 1983 ఎన్నికలకీ మధ్య ఆంధ్ర ప్రదేశ్ నలుగురు కాంగ్రెస్ ముఖ్యమంత్రుల్ని చూసింది: చెన్నారెడ్డి, అంజయ్య, భవనం వెంకట్రామ్, కోట్ల విజయభాస్కరరెడ్డి. ఎవరు దిగాలో, ఎవరు ఎక్కాలో చెప్పింది ఢిల్లీయే. ఈ జబ్బుకి మందేంటంటే, "టికెట్లు కార్యకర్తల చేతికిచ్చేయండి" అంటారు చాలామంది. వినడానికి బానే ఉంటుంది. అమెరికాలో యూటా రిపబ్లికన్లు సరిగ్గా అదే చేశారు. ఏమైందో చూద్దాం.

అక్కడ పార్టీ రాష్ట్ర మహాసభ ఏటా జరుగుతుంది. ఎన్నికల ఏడాదైతే అభ్యర్థుల ఎంపిక కూడా అక్కడే. ముందు పేటపేటకీ ఇరుగుపొరుగు ఓ సాయంత్రం సమావేశమై తమలోంచి డెలిగేట్లని ఎన్నుకుంటారు. 2010లో వీళ్ళు సుమారు 3,500 మంది. మహాసభలో ఎవరికైనా 60 శాతం ఓట్లొస్తే టికెట్ వాళ్ళదే. రాకపోతే చివరికి మిగిలిన ఇద్దరే ప్రైమరీకి వెళ్తారు, మిగతావాళ్ళు ఇంటికి. 1970 తర్వాత యూటా నుంచి ఒక్క డెమొక్రాట్ కూడా సెనేట్‌కి గెలవలేదు కాబట్టి, టికెట్ దొరికితే సగం కాదు, ముప్పాతిక పని అయిపోయినట్టే.

ఈ సభ 2004లోనే రాష్ట్ర తొలి మహిళా గవర్నర్ ఒలీన్ వాకర్‌ని ఇంటికి పంపింది. అసలు దెబ్బ మాత్రం 2010 మే 8న, సాల్ట్ లేక్ సిటీలో. బాబ్ బెన్నెట్ మూడుసార్లు గెలిచిన సెనేటర్, ఆయన తండ్రి కూడా సెనేటరే. 2008లో బ్యాంకుల్ని ఆదుకోడానికి పెట్టిన 70 వేల కోట్ల డాలర్ల బిల్లుకి ఓటేయడం ఆయన చేసిన నేరం. టీ పార్టీ జోరు మీదున్న రోజులవి. మిట్ రామ్నీ వేదికెక్కి మద్దతిచ్చినా రెండో రౌండ్‌లో బెన్నెట్‌కి 27 శాతం కూడా రాలేదు. మూడో స్థానం, ఆట ముగిసింది. ఎన్నడూ ఎన్నికల్లో నిలబడని లాయరు మైక్ లీ ప్రైమరీలో గట్టెక్కి సెనేటరయ్యాడు.

డెలిగేట్లని వెర్రివాళ్ళనడం నాకు నచ్చదు. సొంత సమయం పెట్టి, అభ్యర్థుల్ని ఎదురుగా కూర్చోబెట్టి ప్రశ్నలడిగేది వాళ్ళే. డబ్బు లేని కొత్తవాడికి దారి దొరికేదీ అక్కడే. లీని ఆ తర్వాత 2016లో, 2022లో జనమే మళ్ళీ గెలిపించారు. నా అభ్యంతరం వేరు: బెన్నెట్ కావాలో వద్దో చెప్పే అవకాశం మామూలు రిపబ్లికన్ ఓటరుకి రానేలేదు.

2014లో చట్టం మార్చారు. మహాసభలో ఓడినా, తగినన్ని సంతకాలు సేకరించినవాళ్ళు ప్రైమరీలో నిలబడొచ్చు. ఆ తర్వాతి అంకెలు చూడండి. 2016లో గవర్నర్ గ్యారీ హెర్బర్ట్‌కి మహాసభలో 45 శాతం, ప్రైమరీలో సుమారు 72. 2018లో రామ్నీకి మహాసభలో 49 శాతం, ప్రైమరీలో 71. 2024లో గవర్నర్ స్పెన్సర్ కాక్స్‌ని సభలో గేలి చేశారు, అక్కడ ఆయన ప్రత్యర్థికి మూడింట రెండొంతుల ఓట్లు. ప్రైమరీలో మాత్రం కాక్సే గెలిచాడు.

మూడుసార్లూ ఒకటే పార్టీ, ఒకటే రాష్ట్రం. ఓటేసినవాళ్ళు మారారు, ఫలితం తిరగబడింది. మా సాఫ్ట్‌వేర్ భాషలో చెప్పాలంటే శాంపుల్ తేడా. సాయంత్రం తీరిక చేసుకుని మీటింగుకొచ్చేవాడికి కోపమో, పట్టుదలో ఎక్కువుంటుంది. అందులో తప్పేం లేదు. కానీ వాడి అభిప్రాయమే ఊరందరి అభిప్రాయం అనుకోడం తప్పు.

కాబట్టి ఢిల్లీ కవరు పోయి కార్యకర్తల సభ వచ్చినంత మాత్రాన ప్రజాస్వామ్యం వచ్చేసినట్టు కాదు. గుప్పెడు మంది బదులు మూడున్నర వేల మంది, అంతే తేడా. సభ తన మాట గట్టిగా చెప్పాలి, చెప్పనివ్వాలి కూడా. తలుపుకి తాళం వేసే హక్కు మాత్రం దానికి ఉండకూడదు.