రాకుమారి పేరు పెట్టుకున్న పాస్తా

పిజ్జా అడిగే పిల్లలున్న ఇంట్లో మార్గరీటా పేరు తెలియనివారుండరు. అది ఒకనాటి ఇటలీ రాణిగారి పేరు. మరి ఆవిడ మనవరాలి పేరు కూడా వంటింట్లోకి వచ్చిందనీ, ఆ పేరు వెనుక కన్నీటి కథ ఉందనీ ఎందరికి తెలుసు?

ఆ వంటకం మఫల్దీనె. గట్టి గోధుమ రవ్వతో చేసే పొడవాటి పాస్తా రిబ్బను. వెడల్పు సుమారు సెంటీమీటరు. రెండంచులా చంటిపిల్ల గౌనుకు కుట్టినట్టు కుచ్చులు! పుట్టిల్లు నేపుల్స్. ‘రెజినెత్తె’, అంటే చిన్నారి రాణులు, అని ఇంకో ముద్దుపేరు. కుచ్చులు అందానికే అనుకునేరు! ఉప్పేసిన నీళ్లలో ఉడికాక మధ్యభాగం మెత్తబడినా అంచు కాస్త పంటికి తగులుతుంది. చిక్కటి సాసు జారిపోకుండా మడతల్లో నిలుస్తుంది. అందుకే దీనికి సన్నసెగ మీద గంటల తరబడి మగ్గిన టమాటా, మాంసం రగూ జోడీ. చీజ్ తీయగా మిగిలిన తేటను మళ్లీ కాచి తీసే మెత్తని రికొట్టా కూడా కలిపితే ఇక చెప్పాలా!

ఇక రాకుమారి సంగతి. మఫల్దా 1902లో రోములో పుట్టింది. తండ్రి రాజు మూడో విక్టర్ ఇమాన్యుయేల్. 1925లో జర్మనీలోని హెస్సె రాకుమారుడు ఫిలిప్‌ను పెళ్లాడి, నలుగురు బిడ్డల తల్లయింది.

1943 ఆగస్టులో చెల్లెలి భర్త, బల్గేరియా రాజు బోరిస్ పోతే అక్కడికి వెళ్లింది. తిరిగొచ్చేలోగా, సెప్టెంబరు 8న, ఇటలీ మిత్రరాజ్యాలతో సంధి ప్రకటించింది. హిట్లర్ కోపం రాజకుటుంబం మీదికి మళ్లింది. భర్త ఫోన్లో మాట్లాడతాడని నమ్మించి, రోములోని జర్మన్ రాయబార కార్యాలయానికి రప్పించి పట్టుకున్నారు. బూఖెన్‌వాల్డ్ నిర్బంధ శిబిరంలో పెట్టారు. అక్కడ సొంత పేరు కూడా దక్కనివ్వలేదు. ‘ఫ్రావ్ ఫన్ వేబర్’ అన్నారు. 1944 ఆగస్టు 24న పక్కనున్న ఆయుధాల కర్మాగారం మీద బాంబులు పడ్డాయి. కాలిన చెయ్యి తీసేశారు. కొద్ది రోజులకే ఆ తల్లి కన్నుమూసింది. వయసు 41. గుర్తు తెలియని స్త్రీగానే పాతిపెట్టారు.

1946లో ఇటలీ ప్రజలు ఓటేసి రాచరికాన్నే సాగనంపారు. పాస్తా పొట్లం మీద పేరు మాత్రం పోలేదు. చెరలో లాక్కున్న పేరును వంటిళ్లు భద్రంగా దాచిపెట్టాయి. అందుకేనేమో, ఆ కుచ్చులు చూస్తే నాకు రుచికంటే ముందు ఆ నలుగురు పిల్లల తల్లే గుర్తొస్తుంది.