మోక్షము, విప్రకారము: దాంపత్యక్రౌర్యమును గూర్చిన వ్యవహారచరిత్ర

మోక్షశబ్దము వినఁగనే మన పండితులకు వేదాంతము స్ఫురించును. కౌటిల్యుఁడు ధర్మస్థీయాధికరణమున దానిని దాంపత్యమునుండి విడుదల యను నర్థమునఁ బ్రయోగించెను. 1909లో మైసూరునందు శామశాస్త్రిగారు అర్థశాస్త్రమును ముద్రించువఱకు ఈ విషయమున స్మృతులే ప్రమాణములు. నారద పరాశరులు స్త్రీకిఁ బత్యంతరమును విధించిన యాపత్తులు ఐదు: భర్త కనఁబడకపోవుట, మరణించుట, సన్న్యసించుట, క్లీబుఁడగుట, పతితుఁడగుట. భర్త కొట్టుట ఈ యైదింటిలోఁ జేరలేదు.

కౌటిల్యుని మార్గము వేఱు. పరస్పరద్వేషమున్నచో మోక్షము కలదనియు, ఒక్కరి ద్వేషము చాలదనియు నాతఁడు చెప్పెను. పురుషుని విప్రకారమువలన స్త్రీ మోక్షము కోరవచ్చును; కాని భర్త తీసికొన్న ధనమును ఆమెకు మరల నీయ నక్కఱలేదు. విప్రకారమనఁగా అపకారము, పరాభవము. దేహమునకుఁ దగిలిన దెబ్బ మాత్రమే యని యీ శబ్దమును సంకోచింపఁ బనిలేదు. అయినను ఆ వెంటనే ధర్మవివాహములకు మోక్షము లేదని యాతఁడు నిషేధించెను. బ్రాహ్మాదులైన మొదటి నాలుగు వివాహములును ధర్మవివాహములే. మిక్కిలి గౌరవముతోఁ గన్యాదానము పొందిన యింటనే స్త్రీకి విడుదల లేకపోయెనన్నమాట!

దోషము నాతఁ డెఱుఁగకపోలేదు. భార్యకు వినయము నేర్పుటకై వెదురుబద్దతోఁగాని త్రాటితోఁగాని చేతితోఁగాని వీఁపుపై మూఁడు దెబ్బలవఱకు ననుమతించి, అది మీఱినచో వాక్పారుష్య దండపారుష్యములకుఁ జెప్పిన దండములో సగము విధించెను. మనువును ఇట్లే త్రాడును వెదురుబద్దను జెప్పి, తలపైఁ గొట్టరాదని నిషేధించెను. సగము దండమేల? పరుని భార్యను గొట్టినవానికిఁ బూర్ణదండమును, తన భార్యను గొట్టినవానికి సగమును విధించుట నాకు సమంజసముగాఁ దోఁపదు.

ప్రాణములు తీయ నుద్యమించు భర్తనుగూర్చి మాత్రము కౌటిల్యుఁడు గట్టిగాఁ బలికెను. పతితునితోడను క్లీబునితోడను బాటు ప్రాణాభిహంత త్యాజ్యుఁడు. త్యాజ్యశబ్దమున నున్నది కృత్యప్రత్యయము. దానికి అర్హార్థము కలదు. కావున నిది విడువఁదగినవాఁడను ననుమతియే కాని, బంధము తెగినదను ప్రకటనము కాదు. త్యాగమును మోక్షమును నొకటి కావని గ్రహించినచో, అమోక్షవాక్యముతో దీనికి విరోధము లేదు.

1790లో ఇంగ్లండున సర్ విలియం స్కాటు క్రౌర్యమునకుఁ జెప్పిన నిర్వచనము ప్రాణాభిహంతృశబ్దమునకు మిక్కిలి సమీపము. ప్రాణమునకో, అవయవమునకో, ఆరోగ్యమునకో అపాయముండవలెను, మనస్తాపము చాలదు. అప్పటి మతన్యాయస్థానము లిచ్చినదియు వేఱుకాపురమే కాని బంధవిచ్ఛేదము కాదు. 1857 నాఁటి చట్టము విచ్ఛేదమును దెచ్చినను, భార్యకుఁ గ్రౌర్యమొక్కటియే చాలదు. భర్త వ్యభిచారమును జేరవలెను. 1937లోఁగాని యచటఁ గ్రౌర్యము స్వతంత్రకారణము కాలేదు.

మనదేశమునఁ దొలియడుగు ముస్లిముల చట్టమునఁ బడినది. 1939 నాఁటి యా శాసనము, దేహహింస లేకున్నను నడవడిచే భార్య బ్రదుకును దుఃఖమయము చేయుటయుఁ గ్రౌర్యమే యని స్పష్టముగాఁ జెప్పినది. హిందూస్త్రీకి 1946లో వేఱు నివాసమును జీవనభృతియు మాత్రమే లభించినవి. 1955 నాఁటి హిందూ వివాహచట్టమునఁ గ్రౌర్యము న్యాయస్థానానుమతితో వేఱుండుటకే కారణము. హాని కలుగునను సహేతుకభయ ముండవలెనను విశేషణమును దానికిఁ గలదు. 1976లో ఆ విశేషణమును లోపింపఁజేసి, క్రౌర్యమును విడాకులకే కారణముగాఁ జేసిరి. కులాచారమునుబట్టి పెద్దలయెదుట విడిపోయి మారుమనువు చేసికొను తెలుగు కులములవారికిఁ బూర్వమే యా సౌకర్యము కలదు. 1955 చట్టము దానిని రక్షించినది.

ఉణాదులలోఁ గృత్ ధాతువునుండి క్రూరశబ్దమును గృచ్ఛ్రశబ్దమును నొకే సూత్రమున సాధించిరి. ఒకటి కోఁత, రెండవది కష్టము. న్యాయస్థానములు మొదటినుండి రెండవదానికి వచ్చుటకు నూటయెనుబది యేండ్లకుఁ బైగాఁ బట్టినది. 1987లో ఆంధ్రదేశమునుండి వచ్చిన యొక వ్యాజ్యమున, క్రింది న్యాయస్థానములు భార్యది యతిసుకుమారస్వభావమని త్రోసివేయఁగా, సుప్రీంకోర్టు కట్నపు టొత్తిడి క్రౌర్యమే యని విడాకు లిచ్చెను. బాధింపవలెనను నుద్దేశ మావశ్యకము కాదనియుఁ జెప్పెను. వ్యాకరణజ్ఞులకు నిది క్రొత్త కాదు. కర్త కోరినదానిని గర్మమని చెప్పిన పాణిని, కోరనిదియుఁ గర్మమగునని వెంటనే చెప్పెను: ఊరికిఁ బోవువాని పాదము సోఁకిన గడ్డియుఁ గర్మమే.

భారతదేశపుఁ గ్రైస్తవస్త్రీ మాత్రము 1869 నాఁటి చట్టము క్రింద వ్యభిచారమును గూడ నిరూపింపవలసియుండి, 2001 సవరణచేఁ గాని క్రౌర్య మొక్కదానితో విడుదల పొందఁజాలదయ్యెను.