పల్లెబ్రతుకును తెరపై నిలిపిన నిర్మాత

రాజుల దండయాత్రలు, పట్టాభిషేకములు మాత్రమే చరిత్ర కాదు. దున్నువాని చెమట, గడీలో దాసి కార్చిన కన్నీరు కూడ చరిత్రయే. అయితే తెలుగు సినిమా పుట్టిన చాలకాలమువరకు తెలంగాణ పల్లెబ్రతుకు, ఆ పలుకుబడి వెండితెరపై సహజరూపమున కానరావయ్యెను. ఆ లోటును తీర్చుటకు పూనుకొన్నవారిలో శ్రీ బి. నర్సింగరావు ముఖ్యులు.

ఆయన 1946లో నాటి మెదక్ జిల్లాలోని ప్రజ్ఞాపూరులో జన్మించిరి. చిత్రలేఖనము, నాటకము, ఛాయాగ్రహణము ఆయన అభిమాన విద్యలు. 1970 దశకమున ‘ఆర్ట్ లవర్స్’ సంస్థ ద్వారా ప్రజాకళలకు కృషి చేసిరి. పిదప శ్రీ జి. రవీంద్రనాథ్‌తో కలిసి ‘మా భూమి’ చిత్రమును నిర్మించిరి. తెలంగాణ రైతాంగ పోరాటముపై ఉర్దూ రచయిత కిషన్ చందర్ వ్రాసిన నవల దీనికి ఆధారము. దర్శకత్వ భారమును వంగదేశీయుడైన గౌతం ఘోష్‌కు అప్పగించిరి. ఆయనకు తెలుగు రాకున్నను, కథాచిత్రములకు పూర్వము డాక్యుమెంటరీలు తీసిన అనుభవము కలదు. బండి యాదగిరి పాటను గద్దర్ తెరపై పాడగా జనము పులకించినది. 1980లో విడుదలయై, హైదరాబాదు సుదర్శన్ థియేటరులో ఉదయపు ఆటలుగా ఏడాది వరకు నడిచినది. పేరొందిన తారలు లేకున్నను సత్యమును చూపిన చిత్రమునకు ప్రేక్షకులుందురని అది రుజువు చేసినది.

తరువాత ఆయనే దర్శకులై 1983లో ‘రంగుల కల’, 1988లో ‘దాసి’ తీసిరి. గడీలలో అణగారిన స్త్రీ దుఃఖమును చూపిన ‘దాసి’కి అయిదు జాతీయ పురస్కారములు లభించినవి. నాయిక అర్చన ఉత్తమనటి యయ్యెను.

‘మా ఊరు’ అను డాక్యుమెంటరీలో కట్టుకథ లేదు. పల్లెలోని నిత్యజీవితమే అందలి కథ. వృత్తులు మారును, పనిముట్లు మూలబడును, ముసలివారితోపాటు వారి మాటలును మరుగగును. అట్టివానిని పదిలపరచుటయే ఆ చిత్రప్రయోజనము.

1901లో హైదరాబాదున వెలసిన శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషానిలయము మొదలుకొని తెలంగాణ గ్రంథాలయములు చేసినదియు ఇట్టి పనియే. ఒక నవల చిత్రమై, చదువురాని రైతుకు తన తండ్రితాతల కథను చూపినది. కావున గ్రంథమును కాపాడువాడును, చిత్రమును తీయువాడును ఒక్క బాటసారులే. నవీపేట పొలములలో పసుపు పండించు రైతు జీవితమును సయితము వ్రాసియుంచినవారుండిననే రేపటివారు తెలిసికొందురు.