రాజశ్రీ: తారాగణం జాబితాలు ఇచ్చే సాక్ష్యం

అనంతగిరి, కోదాడ వైపు పాత జానపద సినిమాల మాట వస్తే ముందుగా వినిపించే పేరు కాంతారావు. ఇక్కడికి దగ్గరలోని గుడిబండలో 1923లో పుట్టిన ఆయన్ని జనం ‘కత్తి కాంతారావు’ చేసుకున్నారు. అదే తరహా సినిమాల్లో రాజకుమార్తెలుగా కనిపించిన నటీమణులకు అలాంటి పిలుపు దక్కలేదు. వారిలో రాజశ్రీ ఒకరు. ఆమె ఎంత గొప్ప నటి అన్న వాదన పక్కనపెట్టి, ఎవరి పక్కన, ఏ స్థానంలో నటించారో చూద్దాం.

విఠలాచార్య తీసిన ‘అగ్గిపిడుగు’ (1964)లో ఎన్.టి.రామారావుది ద్విపాత్రాభినయం. నాయకులు ఇద్దరయ్యారు కనుక నాయికలూ ఇద్దరు కావలసి వచ్చింది: కృష్ణకుమారి, రాజశ్రీ. 1966లో అదే దర్శకుడి ‘పిడుగు రాముడు’, ‘అగ్గిబరాటా’ చిత్రాల్లో రామారావు సరసన రాజశ్రీ నాయిక. రెండేళ్లలో ఆమె మెట్టెక్కారని ఇక్కడే రాసేయవచ్చు. కానీ 1967 నాటి ‘గోపాలుడు భూపాలుడు’లో మళ్లీ ఇద్దరు రామారావులు, మళ్లీ ఇద్దరు నాయికలు. ఈసారి రెండో ఆమె జయలలిత. తమిళంలో ఎం.జి.ఆర్. చిత్రాలు ‘కుడియిరుంద కోయిల్’ (1968), ‘అడిమైప్పెణ్’ (1969) చూసినా జయలలిత ప్రధాన నాయిక, రాజశ్రీ ఆ తర్వాతి వరసలో. దీన్ని బట్టి ఆమె ప్రతిభను కొలవలేం. కథలో నాయకులు ఎంతమంది అన్నదే చాలాసార్లు ఆమె స్థానాన్ని తేల్చిందని మాత్రం అనవచ్చు. కత్తియుద్ధాలు, మాంత్రికుడి మాయలు, కెమెరా ట్రిక్కులు పోగా ఈ సినిమాల్లో రాజకుమార్తెకు మిగిలే నిడివి తక్కువ.

ఇంతకన్నా గట్టి ఆధారం జానపదాల బయట దొరుకుతుంది. శ్రీధర్ తీసిన తమిళ హాస్యచిత్రం ‘కాదలిక్క నేరమిల్లై’ (1964)లో ఇద్దరు అక్కచెల్లెళ్లుగా కాంచన, రాజశ్రీ నటించారు. దాన్నే పి.పుల్లయ్య 1965లో ‘ప్రేమించి చూడు’గా తెలుగులో తీశారు. శ్రీధరే 1966లో హిందీలో ‘ప్యార్ కియే జా’ తీశారు. ముత్తురామన్, రవిచంద్రన్ ఉన్న కథలోకి తెలుగులో అక్కినేని, జగ్గయ్య, హిందీలో శశికపూర్, కిశోర్‌కుమార్ వచ్చారు. కాంచన తెలుగు వరకు ఉన్నారు. హిందీలో ఆమె చోటికి కల్పన వచ్చారు. రాజశ్రీ మూడింటిలోనూ ఉన్నారు. ఒకే కథకు మూడు భాషల్లో, ఇద్దరు దర్శకుల దగ్గర ఆమె పనికొచ్చారంటే, ఆ కాలపు నిర్మాతలకు ఆమె మీద నమ్మకం ఉండేదని అనుకోవడం సబబే. పారితోషికం, డేట్లు కూడా అలాంటి ఎంపికల్లో పనిచేస్తాయి కనుక అంతకు మించి లాగకూడదు. అయినా నాకు ఆమె విషయంలో అన్నిటికన్నా విలువైన సాక్ష్యం ఇదే.

ఆమె సినిమాల జాబితా రాసుకునేవారు ఒక జాగ్రత్త తీసుకోవాలి. హిందీలో అదే కాలంలో మరో రాజశ్రీ ఉన్నారు. ‘బ్రహ్మచారి’ (1968) నాయిక ఆవిడే, దర్శకుడు వి.శాంతారాం కుమార్తె. ‘ప్యార్ కియే జా’ను ఆవిడ ఖాతాలో వేయడం చాలా తేలిక. తెలుగులో ‘రోజా’ వంటి డబ్బింగ్ చిత్రాలకు పాటలు రాసిన రాజశ్రీ వేరే; ఆయన కవి. ఒక్క పేరు పొరపాటుతో మూడు భాషల వరస తెగిపోతుంది. అందుకే పేరుతో పాటు పక్కనున్న నటులను, దర్శకుణ్ణి, సంవత్సరాన్ని కలిపి సరిచూసుకోవాలి.

బాలచందర్ తమిళంలో తీసిన ‘భామా విజయం’ (1967)ను విడిగా చూడాలి. మధ్యతరగతి ఇంటి పక్కకు ఒక సినిమా తార కాపురానికి వస్తుంది. ఆమె తమ ఇంటికి వస్తుందనగానే కోడళ్లు ముగ్గురూ అప్పుచేసి ఇల్లు సింగారిస్తారు. ఆ కోడళ్లు షావుకారు జానకి, కాంచన, జయంతి. వాళ్లంతా ఎదురుచూసే తార భామ పాత్రను బాలచందర్ రాజశ్రీకి ఇచ్చారు.