కరెంటు పోయినా మోగిన ఫోను

08942 అంటే శ్రీకాకుళం. 08922 విజయనగరం. 08945 పలాస వైపు, 08947 సోంపేట, 08944 బొబ్బిలి, 08963 పార్వతీపురం. ఒకప్పుడు ఈ రెండు జిల్లాల వాళ్లకి ఈ అంకెలు ఊళ్ల పేర్లంత కంఠతా ఉండేవి. శుభలేఖల కింది అంచున, ఎరువుల కొట్టు బోర్డు మీద, డాక్టరు గారి చీటీ మీద అచ్చయ్యేవి. పాత బోర్డుల మీద ఇంకా కనిపిస్తుంటాయి. కానీ వాటిలో చాలా నంబర్లకి అటువైపు ఇప్పుడు ఫోనే లేదు.

వలసల జిల్లాలు మావి. ఇచ్ఛాపురం నుంచి రణస్థలం దాకా, సాలూరు నుంచి పూసపాటిరేగ దాకా, ఇంటికొకరైనా బయట ఊళ్లో బతికేవాళ్లే. అలాంటి చోటికి ఫోను చాలా ఆలస్యంగా వచ్చింది. ట్రంకు కాల్ బుక్ చేసి గంటలు కాచుకున్న తరం ఇంకా మన మధ్యే ఉంది. 1984లో టెలికాం పరిశోధన సంస్థ సీడాట్ పుట్టాక, 1986లో కర్ణాటకలోని కిట్టూరులో తన మొదటి గ్రామీణ ఎక్స్ఛేంజి పెట్టాక, పల్లెలకి దారి తెరుచుకుంది. 128 పోర్టుల చిన్న ఎక్స్ఛేంజి అది. ఏసీ గది అక్కర్లేదు, మన ఎండకీ దుమ్ముకీ తట్టుకునేలా ఇక్కడి ఇంజినీర్లే తయారు చేశారు. మండల కేంద్రంలో ఒక గది, నాలుగు బ్యాటరీల వరుసలు, ఒక ఇనుప బీరువా లాంటి యంత్రం. అంతే, ఆ చుట్టుపక్కల ఊళ్లన్నీ దేశంతో మాట్లాడాయి.

రాత్రి పొద్దుపోయాక ఎస్టీడీ ఛార్జీ తగ్గేది. అందుకే మా ఊళ్లలో పలకరింపులన్నీ భోజనాలయ్యాకే. "ఒరే, తిన్నావేటిరా? జొరం తగ్గిందా?" అని అమ్మ అరిచి మాట్లాడితే వీధి వీధంతా వినేది. ఫోను ఒక్కరిది కాదు, ఇంటిది. ఎదురింటివాళ్లకి కాలొస్తే పిల్లాడు పరుగెత్తి పిలుచుకొచ్చేవాడు. ఆ వచ్చినావిడ చీర కొంగుతో చెయ్యి తుడుచుకుని గాని రిసీవరు అందుకునేది కాదు.

ఈ ఫోను తీగలోకే ఇంటర్నెట్ వచ్చింది. 1995 ఆగస్టు 15న విదేశ్ సంచార్ నిగమ్ మహానగరాల్లో ఇంటర్నెట్ తెరిచినప్పుడు అది మాకు పేపర్లో చదివిన కబురు మాత్రమే. 2000 అక్టోబరు 1న టెలిఫోన్ల శాఖ నుంచి బీఎస్ఎన్ఎల్ విడివడింది. ఆ రోజుల్లోనే దాని డయల్-అప్ ఇంటర్నెట్ సేవ సంచార్‌నెట్ కూడా జిల్లా పట్నాలకి చేరింది. గంటల లెక్కన కార్డు కొనుక్కోవాలి. మోడెమ్ డయల్ చేస్తుంది, కూత, గరగర, మళ్లీ కూత, ఆ తరవాత నిశ్శబ్దం. ఆ నిశ్శబ్దమే కనెక్టయిందని గుర్తు. పెట్టె మీద 56 కేబీపీఎస్ అని ఉన్నా అంత వేగం ఎప్పుడూ అందలేదు. ఇంట్లో నెట్ నడుస్తుంటే బయటి నుంచి ఫోను చేసినవాళ్లకి ఎంగేజ్ టోనే. దాని మీద ఎన్ని ఇళ్లలో తగవులు! అయినా ఎంసెట్ ర్యాంకు తెలిసింది ఆ తీగ మీదే. అమెరికా వెళ్లిన కొడుకు పంపిన మనవడి ఫొటో కణతల వరకూ దిగి, ఆగి, మళ్లీ కళ్ల దాకా దిగి, కాసేపటికి బోసినవ్వు చూపించింది కూడా ఆ తీగ మీదే.

ఇంటి ఫోనుని ఇంటర్నెట్‌తో ముడిపెట్టాలన్న ఆశ ప్రపంచమంతటా ఉంది. ఫ్రాన్సు 1980ల్లోనే మినిటెల్ అని ఇళ్లలో ఫోను పక్కన ఒక తెర పెట్టింది, 2012 జూన్ 30న దాన్ని ఆపేసింది. అమెరికాలో ఇన్ఫోగేర్ అనే సంస్థ 1998లో తెర, కీబోర్డు ఉన్న బల్ల ఫోనుని 'ఐఫోన్' పేరుతోనే అమ్మింది. ఆపిల్ ఆ పేరు వాడడానికి తొమ్మిదేళ్ల ముందు మాట ఇది. మన మద్రాసు ఐఐటీలో అశోక్ ఝున్‌ఝున్‌వాలా బృందం కార్‌డెక్ట్ చేసింది. తీగ లేకుండా ఇంటి ఫోనుకే మాటనీ, 35 కేబీపీఎస్ నెట్‌నీ ఒకేసారి అందించే ఏర్పాటు అది. తక్కువ ఖర్చులో పల్లెకి చేరాలన్న ఆ ఆలోచన గొప్పది, దానికి దక్కినదానికన్నా ఎక్కువ గౌరవం దక్కాల్సింది.

2005 జనవరిలో బీఎస్ఎన్ఎల్ డేటావన్ బ్రాడ్‌బ్యాండ్ మొదలుపెట్టింది. అరచేతిలో పట్టే స్ప్లిటర్ ఒకటి గోడకి చేరింది. ఒక కొస ఫోనుకి, ఇంకో కొస మోడెమ్‌కి. మాటా నెట్టూ ఒకే రాగి జంట మీద, ఒకదానికొకటి అడ్డు రాకుండా నడిచాయి. ఎంగేజ్ టోను తగవులు పోయాయి. ఐదువందల ప్లానులో రాత్రి రెండు నుంచి పొద్దున్న ఎనిమిది దాకా ఎంత వాడినా ఉచితం. ఆ వేళ మేలుకుని పాటలూ పాఠాలూ దించుకున్న కుర్రాళ్లు ఇవాళ హైదరాబాదులో, బెంగళూరులో టీమ్ లీడర్లు. ఆ నాలుగైదేళ్లే ఇంటి ఫోనుకి మహర్దశ. అదే చివరి దశ కూడా అని ఎవరికీ తెలీలేదు.

ఇంటి ఫోనుని సెల్‌ఫోను చంపేసిందని అందరూ అంటారు. అందులో నిజముంది. 2003 మే నుంచి ఇన్‌కమింగ్ ఉచితమైంది, 2006 మార్చిలో దేశమంతా నిమిషం రూపాయికే అన్న ప్లాను వచ్చింది. 2006లో దేశంలో ఐదు కోట్ల దాకా ఉన్న స్థిర ఫోన్లు 2020కి రెండు కోట్లకి పడిపోయాయి. కానీ నా మట్టుకు నాకు, దానికి తగిలిన పెద్ద దెబ్బ తీగ దగ్గరే తగిలింది. మాట మొండిది. తుప్పు పట్టిన జాయింటులోంచీ, నీళ్లు చేరిన కేబుల్లోంచీ, గరగరమంటూనైనా దాటి వస్తుంది. బ్రాడ్‌బ్యాండ్ అలా దాటదు. దానికి రాగి శుభ్రంగా ఉండాలి, ఎక్స్ఛేంజి నుంచి నాలుగైదు కిలోమీటర్లు దాటకూడదు. ఇంటి ఫోనుని బతికించడానికి వచ్చిన ఇంటర్నెట్టే తీగకున్న జబ్బునంతా బయటపెట్టింది. అప్పుడు వైద్యం చేసే చేతులు కావాలి. ఆ చేతులే తగ్గిపోతూ వచ్చాయి.

లైన్‌మన్‌ని తలుచుకోకుండా ఈ కథ చెప్పకూడదు. సైకిలు హ్యాండిలుకి టెస్టింగ్ ఫోను, భుజాన నిచ్చెన. ఏ పిల్లర్లో ఏ జత ఎవరింటికి పోతుందో రికార్డు చూడకుండా చెప్పేవాడు. చేతిలో తీగ ఉండగా ఆ ఇంటికి ఫోనొస్తే రింగు కరెంటు జివ్వున కొట్టేది, చెయ్యి దులుపుకుని మళ్లీ పట్టుకునేవాడు. 198కి ఫిర్యాదు చేసినా చేయకపోయినా, పండక్కి ముందు ఒకసారి వచ్చి లైను చూసి, టీ తాగి వెళ్లేవాడు. అతను రిటైరైతే ఆ జాగాలో మనిషి రాలేదు. అతని తలలో ఉన్న ఊరి తీగల పటం ఎవరూ రాసుకోలేదు. రోడ్లు వెడల్పు చేస్తూ జేసీబీ కేబులు తెంపితే ముందు రెండు రోజుల్లో అతికేది, తరవాత రెండు వారాలు, ఆ తరవాత అతకనే లేదు. నెలల తరబడి చచ్చిన ఫోనుకి బిల్లు మాత్రం వచ్చేది. అలా విసిగి సరెండర్ చేసినవాళ్లని తప్పుపట్టలేం.

2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను వచ్చింది. 2016 సెప్టెంబరులో జియో వచ్చి నెట్‌ని దాదాపు ఊరికే పంచింది. 2018 అక్టోబరు 11 తెల్లవారుజామున తిత్లీ తుపాను పలాస దగ్గర తీరం దాటింది. వజ్రపుకొత్తూరు, మందస, సోంపేట, కవిటి. కొబ్బరీ జీడిమామిడీ నేలకొరిగిన ఉద్దానంలో కరెంటు స్తంభాలు వరసగా పడ్డాయి, సెల్ టవర్లు మూగబోయాయి. దూరాన ఉన్న పిల్లలకి తల్లిదండ్రుల క్షేమం తెలియకుండా పోయింది. మరుసటి ఏడు అక్టోబరులో కేంద్రం బీఎస్ఎన్ఎల్‌లో స్వచ్ఛంద పదవీ విరమణకి ఆమోదం తెలిపింది. 2020 జనవరి 31న ఒక్క రోజులో 78 వేలమందికి పైగా బీఎస్ఎన్ఎల్ ఉద్యోగులు బయటికి నడిచారు. సంస్థలో సగం మంది.

పాత ఇంటి ఫోనుకి ఒక గుణం ఉండేది. దానికి ఇంటి కరెంటు అక్కర్లేదు. ఎక్స్ఛేంజిలోని బ్యాటరీల నుంచి 48 వోల్టులు ఆ రాగి తీగ మీదే ఇంటిదాకా వచ్చేవి. ఊరంతా చీకటైనా, తీగ తెగనంత వరకూ, ఎక్స్ఛేంజిలో బ్యాటరీలు ఉన్నంత వరకూ, రిసీవరు ఎత్తితే డయల్ టోను వినిపించేది. తుపాన్ల తీరంలో అది చిన్న సంగతి కాదు. ఆ గుణం కోసమైనా ఎక్స్ఛేంజి బ్యాటరీలనీ, తీగనీ, లైన్‌మన్‌నీ నిలబెట్టుకోవాల్సింది.

ఇప్పుడు అడిగితే అదే పాత నంబరుని ఫైబరు మీద ఇస్తున్నారు. మాట స్పష్టంగా ఉంటుంది, నెట్ వేగానికి పోలికే లేదు. కానీ గాజు తీగ వెలుతురుని తెస్తుంది గాని కరెంటుని తేలేదు. గోడ మీది పెట్టెకి ఇంటి ప్లగ్గు నుంచే కరెంటు అందాలి. అక్టోబరులో ఈదురుగాలి మొదలవగానే ఉద్దానంలో ముందు పోయేది అదే.