లవణమను పేరు

బిడ్డకు పేరిడుట కేవలము ఇంటివారి ముచ్చటయని మనలో పలువురు తలంతురు. బారసాలనాడు పళ్ళెరములోని బియ్యముపై తండ్రి వ్రాయు నాలుగక్షరములు ఆ యింటి గడప దాటిపోవని నమ్ముదురు. కాని యోచించి చూచినచో నా యక్షరములలో వంశము, కులము, దైవము, కాలము అన్నియు నొదిగియుండును. ఒక సీమవారు నూరేండ్లలో తమ బిడ్డలకు పెట్టుకొన్న పేర్లను వరుసగా చదివినయెడల, వారు దేనికి భయపడిరో, దేని నాశించిరో తెలియగలదు. కృష్ణానది కడపటి పాయల నడుమనున్న దివిసీమను, దానికి పొరుగైన బందరు, గుడివాడ ప్రాంతములను ఈ దృష్టితో నొకసారి చూడవలెనని మా యుద్దేశము.

పూర్వ మీ సీమలో పేరు ఋణము తీర్చుటకై పెట్టబడుచుండెను. తాతపేరు మనుమనికి పెట్టుట పితరుల ఋణము తీర్చుట. ఇక దైవఋణ మున్నది. అవనిగడ్డ చెంత మోపిదేవిలో సుబ్రహ్మణ్యేశ్వరుడు వెలసియున్నాడు. సంతానములేని దంపతు లచటికి పోయి మ్రొక్కుకొని, బిడ్డ కలిగినపిమ్మట సుబ్బారావనియో, నాగేశ్వరరావనియో, నాగమణియనియో పేరిడుదురు. వీనికితోడు భయమువలన పుట్టిన పేర్లును గలవు. పుట్టిన బిడ్డలు దక్కని యింట, దక్కిన బిడ్డను పెంటకుప్పపై దొరలించి పెంటయ్య యనియు, ఎంగిలి విస్తరిలో పరుండబెట్టి పుల్లయ్య యనియు పిలిచెడివారు. ఇట్టి హీనమైన పేరుగల బిడ్డపై మృత్యువు కన్ను పడదని వారి యాశ. నే డీ పేర్లు విన్న మనకు నవ్వు వచ్చును. వైద్యుడును, మందును పల్లెకు చేరని దినములలో నది యొక తల్లి తన బిడ్డకు తొడిగిన కవచమని తెలిసిన పిమ్మట నవ్వు రాదు.

అయితే పేరునకు మరియొక పనియు గలదు. అది మనిషిని అతని మెట్టుమీద నిలుపుట. శాస్త్రి, రావు, నాయుడు, చౌదరి యను తోకలు విన్నంతనే కులము తెలియుచుండెను. తోక లేకుండుటయు నొక గుర్తే. అణచబడిన కులములోని ముదుసలిని సైతము పసిబాలుడు “ఒరే” యని పిలుచుట మన పల్లెలలో జరిగిన యన్యాయమే. కావున సంఘసంస్కారము కోరినవారి చూపు గృహకృత్యములపైకి మరలుట సహజము. గుడివాడ చెంత అంగలూరున జన్మించిన త్రిపురనేని రామస్వామి చౌదరి (1887–1943) పెండ్లితంతును తెలుగుమాటలలో “వివాహవిధి”గా రచించెను. పెండ్లిని మార్చగలిగినప్పుడు బారసాలను మార్చరాదా?

ఆ పని జరిగినది. జాతీయోద్యమ ప్రభావమున గాంధి, సుభాష్, చిత్తరంజన్ అను పేర్లు కృష్ణాజిల్లా యిండ్లలో ప్రవేశించినవి; సామ్యవాదము వ్యాపించిన గ్రామములలో లెనిన్, స్టాలిన్ అనువారును పుట్టిరి. దేశమంతటను బుద్ధుని రెండువేల యైదువందల జయంతి జరిగిన 1956లో, అవనిగడ్డ నాయకుడు మండలి వెంకటకృష్ణారావు కుమారుడుగా బుద్ధప్రసాదు జన్మించెను. ప్రాచీన బౌద్ధక్షేత్రమైన ఘంటసాలకు సమీపమున నీ పేరు వినుట ఎంత యింపైనది! ఇవన్నియు మహాపురుషుల పేర్లు. వ్యక్తి పేరు కాక, ఒక వస్తువు పేరునే బిడ్డకిచ్చిన సాహసి వేరొకడు.

అతడు గోపరాజు రామచంద్రరావు (1902–1975). వృక్షశాస్త్రోపాధ్యాయుడై బందరు హిందూ కళాశాలలో పనిచేసి, 1940లో కృష్ణాజిల్లా ముదునూరున నాస్తిక కేంద్రమును స్థాపించి, 1947లో దానిని విజయవాడకు తరలించెను. అతడు తన పేరునే కుదించి “గోరా” యని వ్యవహరించుకొనెను. రావు పోయినది, రాముడును పోయెను. 1930 మార్చి 12న సబర్మతినుండి బయలుదేరిన గాంధీజీ ఏప్రిల్ 6న దండియొడ్డున ఉప్పు తీసెను. ఆ యేడు అక్టోబరులో పుట్టిన తన కుమారునికి గోరా పెట్టిన పేరు లవణము. ద్వితీయ ప్రపంచ సంగ్రామము మొదలైన 1939లో పుట్టిన మరియొక కుమారునకు సమరమని పేరు. ఈ సమరమే పిమ్మట ప్రసిద్ధ వైద్యుడాయెను.

లవణ మన్న పేరు మొదట వినువారికి వింతగొల్పును. పురాణములలో లవణుడు శత్రుఘ్నుని చేత చచ్చిన యసురుడు. కాని మన యాడుబిడ్డలకు లావణ్య యని పెట్టుకొనుచు నెవరును నవ్వరు. లావణ్య మను శబ్దము లవణశబ్దమునుండియే పుట్టినది. కూరకు ఉప్పు ఎట్టిదో రూపమునకు కాంతి యట్టిదని పూర్వుల భావము. ఇక సుబ్రహ్మణ్యము, విశ్వనాథము అను మగవారి పేర్లకు అలవాటుపడిన తెలుగుచెవికి లవణమును కొత్త కాదు. దేవుని విడిచిన పేరు దేవుని పేర్ల వరుసలోనే చక్కగా నిమిడినది. ఆ పేరునకు గల ఆకర్షణ ఇదియే. అందు కులము చిక్కదు, మతము చిక్కదు; ధనికుడును దరిద్రుడును దినదినము వాడు వస్తు వొక్కటి చిక్కును.

తండ్రి తన వ్రతమును నోరులేని శిశువుపై మోపుట న్యాయమా యని కొంద రడుగుదురు. అడుగదగిన ప్రశ్నయే. కాని పెంటయ్యను మాత్ర మెవ రడిగిరి? తాతపేరు మోయు మనుమని నెవ రడిగిరి? ఏ పేరైనను పెద్దల కోర్కెయే. ఆ కోర్కె బిడ్డను వెనుకకు కట్టివేయునా, ముందునకు దారి చూపునా యన్నదే విచారింపవలసినది. 1947లో ఉప్పుపన్ను తొలగినది. పేరు పుట్టిన సందర్భ మంతటితో తీరినది. అటుపైన నా పేరున కర్థము కల్పించినది ఆ మనిషి నడవడియే. లవణము వినోబాభావే భూదానయాత్రలో ఆయన యుపన్యాసములను తెనిగించెను. 1960లో మహాకవి గుఱ్ఱము జాషువా కుమార్తె హేమలతను వివాహమాడెను. నేరస్థుల యూరని ముద్రపడిన స్టువార్టుపురమున నా దంపతులు మనుష్యులను మార్చుటకు పాటుపడిరి. కులమునకు లొంగని పేరు కలవాడు కులమునకు లొంగని పెండ్లి చేసికొనెను. 2015లో నతడు మరణించెను.

నేటి తలిదండ్రులు తమ పేర్లలోని తొలియక్షరములను కలిపియో, నక్షత్రమునకు తగిన యక్షరముతో మొదలిడియో, పలుకుటకు తేలికయగు క్రొత్తపేర్లను కల్పించుచున్నారు. తప్పేమియు లేదు, వానిలో కులపుతోక లేకున్న మేలే. కాని నిఘంటువులో అర్థము వెదకుటకు పూర్వము మన మనస్సులో నొక యర్థ మున్నదా యని చూచుకొనవలెను. దివిసీమవారికి ఉప్పు రెండువిధముల తెలిసినది. కూటికి రుచి నిచ్చునదియు నదే. 1977 నవంబరు 19న ఉప్పెనతో వచ్చి వేలకొలది ప్రాణములు తీసి, పైరునేలను చవుడు చేసినదియు ఆ యుప్పునీరే. పేరును నట్టిదే. ఎట్టి సుందరనామమైనను దానియంత నది మేలును చేయదు, కీడును చేయదు. దానిని మోయువాడు పదిమందితో కలిసి బ్రదుకు విధము ననుసరించి దానికి రుచి కలుగును. కావున బిడ్డకు మంచిపేరు పెట్టదలచిన గృహస్థులారా, ఆ పేరునకు తగినట్లు బ్రదుకుటకు వీలైన యింటిని కూడ వానికి సిద్ధము చేయుడు.